చక్రాల్లేని కరెంటు బండి

అది మా షెడ్డుకి వచ్చిన రోజు పనులాపి అందరం రోడ్డు మీదికొచ్చాం. పొడవాటి ట్రైలర్ మీద నీలం టార్పాలిన్ కప్పుకుని, బూన్ లే వైపు నుంచి మా సందులోకి తిరగలేక తిరగలేక తిరిగింది. మాల్ నుంచి వచ్చిన మార్కెటింగ్ మేడమ్ ఫోన్ ఎత్తి పట్టుకుని వీడియో తీస్తోంది. టార్పాలిన్ లాగేశారు. లోపల ఒక పాత చెక్క రైలుపెట్టె ఉంది. రంగు వెలిసింది, సగం కిటికీలకి అద్దాల్లేవు. అదంతా అనుకున్నదే. అనుకోనిది ఒకటుంది.

"చక్రాలేవి?" అంది మేడమ్, వీడియో ఆపకుండానే.

అందరం వంగి కిందికి చూశాం. అమ్మకానికి పెట్టిన ఫోటోలో పెట్టె కింద మోకాలెత్తు గడ్డి ఉంది. ఆ గడ్డి వెనక చక్రాలుంటాయని మాల్ వాళ్ళూ మేమూ కలిసికట్టుగా నమ్మాం. మీటింగుల మీద మీటింగులు జరిగాయి. అన్ని మీటింగుల్లో ఒక్కరికీ గడ్డి మీద అనుమానం రాలేదు.

మా కంపెనీ ఈ దీవికి పడమటి కొసన, జురాంగ్ పారిశ్రామిక వాడలో ఒక షెడ్డు. దుకాణాలకీ హోటళ్ళకీ లోపలి హంగులు చేసిపెడతాం. నేను కోఆర్డినేటర్‌ని. మాది కడప జిల్లా, చదివింది ఎలక్ట్రికల్ ఇంజినీరింగు, చేసేది క్లయింట్ల కోపాన్ని వడ్రంగులకి, వడ్రంగుల కోపాన్ని క్లయింట్లకి మర్యాద అద్ది చేరవెయ్యడం. ఓనర్‌ని నేను అంకుల్ అంటాను. అరవై ఎనిమిదేళ్ళ మనిషి. పుట్టింది మలేషియాలో, పేరాక్ వైపు కొబ్బరి తోటల్లో. తాతలు శ్రీకాకుళం నుంచి ఓడెక్కినవాళ్ళు. ఆయన శ్రీకాకుళం ఎన్నడూ చూడలేదు గానీ ఆ తాతల తెలుగు మాత్రం ఆయన నోట్లో చెక్కుచెదరలేదు, మధ్యలో తమిళమూ మలయ్ మాటలూ వచ్చి కూర్చున్నాయంతే. నేను చేరిన కొత్తలో ఆయన తెలుగు నాకు సగం అర్థమయ్యేది. నా కడప తెలుగు ఆయనకి పావు కూడా అయ్యేది కాదు. జీతం సంగతి ఇంగ్లీషులో మాట్లాడుకున్నాం.

మాల్ వాళ్ళు అడిగింది 'హెరిటేజ్' కాఫీ షాపు. రైలుపెట్టెలో కూర్చుని కాఫీ తాగాలి, ఫోటోలు దిగాలి, ఆ ఫోటోలు చూసి ఇంకొకళ్ళు రావాలి. నెట్‌లో వెతికి అమెరికాలో ఒక పొలంలో దీన్ని పట్టుకున్నారు. ఇది ఊళ్ళో తిరిగే ట్రాము కాదు, ఊరికీ ఊరికీ మధ్య తిరిగిన కరెంటు బండి. పైన తీగ, తీగని తాకుతూ ఒక గడ, కింద మోటర్లు. రెండు చివరలా నడిపే మీటలుంటాయి కాబట్టి వెనక్కి తిప్పే పని లేదు. డ్రైవరు ఈ చివర నుంచి ఆ చివరకి నడిచొస్తే వెనక ముందవుతుంది. పాల క్యాన్లు, బడిపిల్లలు, సంతకెళ్ళే ఆడవాళ్ళు, ఒక్కోసారి శవపేటికలు కూడా ఎక్కేవట. తర్వాత రోడ్లు పడ్డాయి, కార్లొచ్చాయి, లైను మూసేశారు.

చక్రాల సంగతి తేల్చుకోవడానికి అమ్మినావిడకి వీడియో కాల్ చేశాం. ఎనభై దాటిన రైతు ఇంటి పెద్దావిడ. వంటింట్లో కూర్చుని, ఫోన్ దేనికో ఆనించి, బఠాణీలు ఒలుస్తూ మాట్లాడింది.

"చక్రాలా? మా మామగారు కొన్నప్పుడే లేవు. చక్రాలూ మోటర్లూ తీగా పాత ఇనుముకి పోయాయి. మాకు ఒట్టి పెట్టే ఇచ్చారు. కోళ్ళకి చక్రాలెందుకు?"

"కోళ్ళకా?" అంది మేడమ్.

"ముందు కోళ్ళే. నా పెళ్ళయ్యాక కోళ్ళకి కొత్త షెడ్డు కట్టారు. ఇది మాకిచ్చారు."

అంకుల్ పడీ పడీ నవ్వాడు. ఆవిడా నవ్వింది. పెద్ద పిల్లలిద్దరూ అందులోనే పుట్టారట. చలికాలం కిటికీలన్నిటికీ దుప్పట్లు కొట్టేవాళ్ళట. ఇల్లు కట్టుకుని బయటికొచ్చాక మళ్ళీ కోళ్ళు వెళ్ళాయి. అది నడిచే రోజులు ఆవిడ చూడలేదు, వాళ్ళమ్మ చూసింది. వాళ్ళమ్మ పట్నంలో బడికి ఆ బండిలోనే వెళ్ళేది. పొలాల గట్ల మీద లంగా ఎత్తి పట్టుకుని పరిగెత్తుకొస్తూ కనిపిస్తే డ్రైవరు బండి ఆపి కూర్చునేవాడట. ఎక్కాక కోప్పడేవాడట. మర్నాడు మళ్ళీ ఆపేవాడట.

ఆ మాట విన్నాక నాకు ఆ పెట్టె మీద మొదటిసారి ఇష్టం కలిగింది. మేడమ్ మాత్రం ముఖం చిట్లించింది. కాల్ అయిపోయాక నాతో అంది, "ఆ లేటు సంగతి బ్రోషర్‌లో పెట్టొద్దు. రైలు ఆలస్యమంటే ఇక్కడ జనానికి నచ్చదు."

పెద్దావిడ చివర్లో ఒకటే అడిగింది. "దాన్ని ఏం చేస్తారు?"

"కాఫీ హోటల్," అన్నాడు అంకుల్.

"ఇళ్ళుండి కూడా వచ్చి దాన్లో కూర్చుంటారా?" అని ఆవిడ చాలాసేపు ఆశ్చర్యపోయింది.

చక్రాలు మేమే చేశాం. ప్లైవుడ్‌తో కోసి, ఇనుము రంగు వేసి, కింద అతికించాం. దూరం నుంచి చూస్తే చక్రాలే. దగ్గర నుంచి తడితే తలుపు తట్టినట్టుంటుంది.

ఇంక అసలు పని. ముందు కోళ్ళ వాసన పోగొట్టాలి. దానికే మనుషులు విసిగిపోయారు. తర్వాత గోడలు గీకడం మొదలుపెట్టాం. పైన తెల్ల రంగు, దాని కింద గులాబీల వాల్‌పేపరు, బహుశా ఆ కొత్త పెళ్ళికూతురు అతికించుకున్నది, దాని కింద ఆకుపచ్చ రంగు, అన్నిటికంటే కింద ఎర్రగా మెరిసే మంచి కర్ర, అంచుల్లో సన్నని పసుపు కర్రతో లతలు. ఊరికీ ఊరికీ మధ్య పాల క్యాన్లు మోసే బండికి ఆ లతలెందుకు పెట్టారో నాకిప్పటికీ తెలీదు. సీట్లు కొన్ని తన అటక మీద దొరికితే ఆ పెద్దావిడ పంపించింది. మిగతావి వాటిని చూసి చేశాం. తమాషా సీట్లవి. వీపు ఆనించే పలకని ఇటు నుంచి అటు తోస్తే సీటు రెండో వైపు తిరిగిపోతుంది. బండి ఎటు పోయినా జనం ముందుకే చూసేలా.

దీపాల వైరింగు నేను చేశాను. చేయించాను అనడం లేదు, నేనే చేశాను. డిగ్రీ చేతికొచ్చిన ఇన్నేళ్ళకి స్క్రూడ్రైవరు పట్టుకుని సీలింగు కింద మెడ వెనక్కి వాల్చి నిలబడ్డాను. స్విచ్చి వేస్తే ఆ ఎర్ర కర్ర మీద పసుపు వెలుగు పరుచుకుంది. వడ్రంగులు చప్పట్లు కొట్టారు. ఆ తర్వాత మధ్యాహ్నం డబ్బా తెచ్చుకుని అందులోనే తినేదాన్ని. అంకుల్ కూడా వచ్చి కూర్చునేవాడు. సీటు పలక ఇటు తోసి, "ఇప్పుడు ఇపో ఎల్తన్నాం," అనేవాడు, అది వాళ్ళ పేరాక్ వైపు పట్నం. తినేశాక అటు తోసి, "ఒచ్చేస్తన్నాం. లేమ్మా, పనుంది," అనేవాడు.

అంతా అయ్యాక మేడమ్ చూడ్డానికొచ్చింది. లోపల ఈ చివర నుంచి ఆ చివరకి నడిచి, కర్ర మీద వేలు పెట్టి చూసుకుంది.

"చాలా బాగుంది," అంది. "కానీ కొత్తగా ఉంది."

"బాగుసేస్తే కొత్తగానే ఉంటాది," అన్నాడు అంకుల్ నాతో తెలుగులో. అది నేను మర్యాదగా చేరవేశాను.

"హెరిటేజ్ అన్నప్పుడు కొంచెం పాతగా కనపడాలి కదా. అక్కడక్కడా తుప్పు, గీతలు..."

గీతలు పెట్టడానికి వడ్రంగులు ఒప్పుకోలేదు. నెలల తరబడి సాండ్ పేపరు పట్టిన చేతులవి. అంకుల్ బతిమాలాడు, తర్వాత అరిచాడు, చివరికి తనే గొలుసు తీసుకుని ఒక పక్క గోడని కొట్టొచ్చాడు. ఆ రోజు ఆయన టీ తాగలేదు. బయటి ఇనుప మెట్లకి ఉప్పునీళ్ళు కొట్టి తుప్పు పట్టించాం. ఈ ఊళ్ళో తుప్పుకి ఎవరూ నేర్పక్కర్లేదు, వారంలో పట్టింది. అప్పుడు మాల్ సేఫ్టీ మనిషి వచ్చాడు. తుప్పు ప్రమాదం, తీసెయ్యాలన్నాడు. మేడమ్ తుప్పు కావాలంది. ఇద్దరూ గంట మాట్లాడుకుని ఒక ఒప్పందానికొచ్చారు. మేం తుప్పు గీకేసి, దాని మీద తుప్పు రంగు పెయింటు వేశాం. సేఫ్టీ మనిషి వేలితో రుద్ది చూసి సంతోషంగా వెళ్ళాడు.

బండి ఎక్కడి నుంచి ఎక్కడికో చెప్పే ఊళ్ళ పేర్ల బోర్డు దగ్గర ఇంకో పేచీ. అసలు ఊళ్ళ పేర్లు ఎవరికీ తెలీవని ఆ బోర్డు తీయించి, ఒక పక్క 'జురాంగ్', ఒక పక్క దీవికి తూర్పు కొసనున్న 'టాంపినీస్' అని రాయించింది మేడమ్.

"ఇది ఇక్కడ ఏనాడూ తిరగనేదు గదా?" అన్నాడు అంకుల్.

నేను చేరవేశాను. మేడమ్ ఓపిగ్గా చెప్పింది, "అంకుల్, మనకి కావాల్సింది హెరిటేజ్. ఎవరి హెరిటేజ్ అనేది మీకిచ్చిన బ్రీఫ్‌లో లేదు."

చిట్టచివర ఆవిడకి ఒక మెరుపు ఆలోచన వచ్చింది. ఇక్కడ ఏ రైలెక్కినా కనపడే బోర్డులున్నాయే, తినకూడదు, తాగకూడదు, కంపుకొట్టే డురియన్ పండు తేకూడదు అని, అచ్చం అలాంటివి పాత తరహా అక్షరాలతో చేయించి లోపల పెట్టమంది.

"మేడమ్, ఇది కాఫీ షాపు," అన్నాను.

"అదే జోకు. జనం నవ్వుకుంటారు. ఫోటో తీసుకుంటారు."

ఫోటోలు తీసుకున్నారు. నవ్వలేదు. మొదటి రోజు నేను మా అమ్మాయిని తీసుకుని వెళ్ళాను, ఇక్కడే పుట్టి సెకండరీ స్కూల్లో చదువుతున్న పిల్ల. బయట క్యూ. కౌంటర్లో కాఫీ, కొబ్బరి జామ్ పూసిన కాయా టోస్టు కొనుక్కుని జనం లోపలికి వస్తున్నారు. బోర్డు చూస్తున్నారు. కప్పు పట్టుకుని బయటికి వెళ్ళి, ప్లైవుడ్ చక్రాల పక్కన నిలబడి తాగుతున్నారు. లోపల సీట్లు దాదాపు ఖాళీ. నేను కూర్చుని టోస్టు కొరకబోయాను.

"అమ్మా, cannot lah. Got sign," అని చెయ్యి పట్టుకుంది మా అమ్మాయి.

"ఊరికే తమాషాకి పెట్టింది. ఆ బోర్డు మేమే చేశాం."

"Then you lagi worse." మేమే పెట్టి మేమే తప్పితే ఇంకా ఘోరమని.

ఎదురుగా ఒక పెద్దాయన సంచీలో తల దూర్చి, ఆ సంచీలోనే టోస్టు తింటున్నాడు. నన్ను చూసి దగ్గాడు. నేను యూనిఫారంలో లేకపోయినా మెళ్ళో కంపెనీ బ్యాడ్జి ఉంది. సంచీ మూసి లేచి వెళ్ళిపోయాడు.

వారం తర్వాత మేడమ్ ఆ బోర్డుల పక్కనే ఇంకో బోర్డు పెట్టించింది, 'ఇక్కడ తినవచ్చు' అని. దాంతో అనుమానం రెట్టింపయింది. రెండు బోర్డుల్లో ఏది తర్వాత పెట్టారు, ఏది చెల్లుతుంది అని జనం కౌంటర్లో అడగడం మొదలుపెట్టారు. పాత బోర్డులు తీసేద్దామంటే అప్పటికే అవి ప్రచారంలో ఉన్నాయి, తియ్యడానికి పై నుంచి అనుమతి రావాలట. తలుపు దగ్గర ఒక పిల్లని నిలబెట్టి, "లోపల తినొచ్చు, భయం లేదు," అని చెప్పించారు. 'భయం లేదు' అనడంతో భయపడ్డారు.

ఏడాది తిరక్కుండా కాఫీ షాపు మూసేశారు. మేడమ్ ఫోన్ చేసింది. మాల్‌కి కొత్త థీమ్ వచ్చింది, పల్లెటూరి బతుకు. ఒక కోళ్ళగూడు డిజైన్ చేసి పంపగలరా, పాతకాలం చెక్కతో ఉంటే మంచిది. అలాగే ఆ రైలుపెట్టెని నెలాఖరుకి తీసి పారెయ్యగలరా.

నేను అంకుల్‌కి రెండు కబుర్లూ అదే వరసలో చెప్పాను. ఆయన కుర్చీలోంచి లేచి, మళ్ళీ కూర్చుని, "ఉన్న కోళ్ళగూడు పీకి కొత్త కోళ్ళగూడు కట్టమంటాదేటమ్మా?" అన్నాడు. గూడు కట్టాం. కోళ్ళు ఫైబరువి. వాటికి వాసన లేదని సేఫ్టీ మనిషి మెచ్చుకున్నాడు.

పెట్టెని పారెయ్యలేదు. అంకుల్ మళ్ళీ షెడ్డుకి తెచ్చాడు. సగం షెడ్డు అదే ఆక్రమించింది. ప్లైవుడ్ షీట్లు వర్షంలో తడిశాయి, వడ్రంగులు దాని చుట్టూ తిరిగి వెళ్ళలేక తిట్టుకున్నారు. నేను ఊరంతా ఫోన్లు చేశాను. ఒక స్కూలు, దీనివల్ల పిల్లలు ఏం నేర్చుకుంటారో నాలుగు పాయింట్లలో చెప్పమంది. ఒక కాండో అపార్ట్‌మెంట్ల వాళ్ళు సీట్లు పీకేస్తే యోగా గదికి పనికొస్తుందన్నారు. పాత వస్తువులు దాచేచోట ఒకాయన ఎంతో మర్యాదగా మాట్లాడి, ఇది ఈ దేశంలో పుట్టింది కాదు కదండీ, మా సేకరణలోకి రాదు అన్నాడు.

ఆ మాట అంకుల్‌కి చెప్పకుండా ఉండాల్సింది.  "నానూ ఇక్కడ పుట్టనేదు," అన్నాడు ఆయన. "నన్ను ఉంచుకున్నారు గదా." జేబులోంచి తన గుర్తింపు కార్డు తీసి, ఎందుకో ఒకసారి చూసుకుని, మళ్ళీ లోపల పెట్టుకున్నాడు. నవ్వాలో వద్దో నాకు తెలీలేదు.

చివరికి ఒప్పుకున్నది టాంపినీస్‌లో ముసలివాళ్ళు పగలంతా గడిపే ఒక సెంటరు. వెనక పక్క రేకుల కప్పు కింద ఖాళీ స్థలముంది. దాని మేనేజరు తమిళావిడ. ఎక్కడ పుట్టింది, ఎంత పాతది అని అడగలేదు. ఒకటే అడిగింది, "వీల్‌చెయిర్ లోపలికి పోతుందా?"

పోదు. తలుపులు సన్నం. పక్క గోడ కొయ్యాలి, ఆ లతలున్న గోడని. వడ్రంగులు అంకుల్ వైపు చూశారు. ఆయన ఆ గోడ ముందు నిలబడి, చేత్తో ఒకసారి నిమిరి, "ఒకప్పుడు పెళ్ళికూతురి కోసం కోళ్ళని తోలేసినారు. ఈళ్ళ కోసం గోడ కోస్తే ఏటి? కొయ్యండి," అన్నాడు. రంపం మొదలయ్యాక మాత్రం అక్కడ ఉండలేదు, సిగరెట్టు మానేసి పదేళ్ళయిన మనిషి బయటికి వెళ్ళి ఎవరి దగ్గరో ఒకటి అడిగి తీసుకున్నాడు. కోసిన ముక్కని పారెయ్యనివ్వలేదు. దాంతో వీల్‌చెయిర్ ఎక్కే వాలు పలకకి పక్క కటకటాలు చేయించాడు.

ఒక ఆదివారం తెల్లారుతుండగా ట్రైలర్ మీద బయల్దేరదీశాం. ప్లైవుడ్ చక్రాలు తీసేశాం, ముసలివాళ్ళు తట్టుకుని పడతారని మేనేజరు వద్దంది. వెనక వ్యానులో నేను, అంకుల్. ఎక్స్‌ప్రెస్‌వే ఖాళీగా ఉంది. పడమటి నుంచి తూర్పుకి, ఇళ్ళ బ్లాకులు ఒకదాని వెనక ఒకటి పోతున్నాయి. అద్దాల కిటికీల మీద ఎండ పడింది. ఎన్ని దశాబ్దాల తర్వాతో ఆ బండి మళ్ళీ ఒక ఊరి నుంచి ఇంకో ఊరికి పోతోంది. ఆ మాట నేనందామనుకున్నాను. అంకుల్ ముఖం చూసి ఊరుకున్నాను. ముందు సీటు అంచున కూర్చుని, తనే తోలుతున్నట్టు రెండు చేతులూ ముందుకు పెట్టుకుని ఉన్నాడు. ఒకచోట ట్రైలర్ కొంచెం వేగం పెంచితే, "మెల్లగా, మెల్లగా రా నాయినా," అన్నాడు, ఎవరికీ వినపడనంత చిన్నగా.

రెండు నెలల తర్వాత ఎలా ఉందో చూద్దామని వెళ్ళాం. దూరం నుంచే నవ్వులు వినపడ్డాయి. సీటు పలకలు ఎదురెదురుగా తిప్పుకుని నలుగురు ముసలమ్మలు పేకాడుతున్నారు. ఒకావిడ వెర్మిసెల్లీ తింటూ పక్కావిడకి పెడుతోంది. ఒకాయన కిటికీకి తల ఆనించి, పొద్దున రైల్లో ఆఫీసుకి వెళ్ళేవాళ్ళు నిద్రపోయినట్టే, నోరు తెరుచుకుని నిద్రపోతున్నాడు. మేనేజరు చెప్పింది, మామూలు గదిలో గంటకోసారి ఇంటికి పోతానని లేచేవాళ్ళు ఇందులో మధ్యాహ్నం దాకా కదలరట. ఎక్కడికో పోతున్నాం కదా, మధ్యలో ఎందుకు దిగుతాం అంటారట.

అంకుల్ ముఖం వెలిగిపోయింది. కూర్చుందామని చూశాడు. ఖాళీగా ఉన్న ప్రతి సీటు మీదా ఏదో ఒకటుంది. టిష్యూ ప్యాకెట్టు, గొడుగు, కళ్ళజోడు, ఒకదాని మీద పళ్ళసెట్టు డబ్బా. తిండి దుకాణాల హాకర్ సెంటర్లో ఎలాగో ఇక్కడా అలాగే, అన్నీ చోప్ చేసేశారు, అంటే వస్తువు పెట్టి సీటు ఆపుకున్నారు. గొడుగు పక్కకి జరపబోయాడు.

"ఏయ్, అది నా ఫ్రెండ్ సీటు," అంది పేకాడుతున్న ఒక చైనీస్ ముసలమ్మ.

"ఆంటీ, ఈ బండి బాగుచేసింది నేనే," అన్నాడు అంకుల్ ఇంగ్లీషులో.

ఆవిడ ముక్కలు చేతిలోనే పెట్టుకుని ఆయన్ని పై నుంచి కింద దాకా చూసింది. "మంచిదే, యంగ్‌మ్యాన్," అంది. "దారికి అడ్డం నిలబడకు, లోపలికి జరుగు."

అంకుల్ లోపలికి జరిగాడు. పై నుంచి వేలాడే తోలు పట్టీ ఒకటి ఆయన పట్టుకున్నాడు, ఒకటి నేను పట్టుకున్నాను.